రాగి గడ్డం నల్లబడిన నాలుగు రోజులు

ఫిబ్రవరిలో ఒక సోమవారం పొద్దున లైట్ వేసేసరికి రాగి గడ్డం బొగ్గు పూసినట్టు నల్లగా ఉండింది. రాగి అంటే మా ఇంట్లో ఉన్న బియర్డెడ్ డ్రాగన్ అనే తొండ లాంటి జీవి, గొంతు కింద ముళ్లముళ్లుగా ఉండే చర్మాన్నే దీని గడ్డం అంటారు. ఒళ్లంతా తోమిన రాగి చెంబు రంగులో ఉంటుందని మా చెల్లెలు పెట్టిన పేరు. గడ్డం నల్లబడటం నాకు కొత్త కాదు, కిటికీ మీద కాకి వాలినా, మిక్సీ గట్టిగా మోగినా నల్లబడేది, పది పదిహేను నిమిషాల్లో మామూలయ్యేది. ఆ రోజు మధ్యాహ్నమైనా పోలేదు, సాయంత్రం నేను ఆఫీసు నుంచి వచ్చాక చూసినా అట్లే ఉంది. తిండి ముట్టలేదు. ఆ నాలుగు రోజులు నేను పడిన కంగారు అంతా ఇంతా కాదు, తెలుగులో చదువుకుందామంటే నాకు ఏమీ దొరకలేదు, అందుకే నాకు తెలిసిందంతా ఇక్కడ రాసి పెడుతున్నా.

తెలియనోళ్ల కోసం ముందు రెండు మాటలు. బియర్డెడ్ డ్రాగన్ ఆస్ట్రేలియా లోపలి ఎండు నేలల్లో బతికే జీవి, సైంటిఫిక్ పేరు పొగోనా విట్టిసెప్స్. మన తొండ ఏ కుటుంబమో ఇదీ అదే కుటుంబం, అగామిడే అంటారు. రాగిని తెచ్చిన కొత్తలో మా జేజి, అంటే నాయనమ్మ, "తొండను తెచ్చి ఇంట్లో పెట్టుకుంటారా ఎవరన్నా" అని రెండు నెలలు నాతో సరిగా మాట్లాడలేదు, కానీ ఆమె అన్న మాట తప్పు కాదు, నిజంగా తొండకి దూరపు చుట్టమే. అనంతపురం వాతావరణం దీనికి బాగా సరిపోతుందని అందరూ అంటారు, ఎండ, పొడి గాలి, తక్కువ వాన, అదంతా నిజమే గానీ అది సగం నిజం, ఎందుకో మే నెల గురించి చెప్పేటప్పుడు చెప్తా.

రంగు ఎట్లా మారుతుందంటే, చర్మంలో నల్ల రంగు గింజలుండే కణాలు ఉంటాయి, ఆ గింజలు కణమంతా పరుచుకుంటే ఒళ్లు నల్లబడుతుంది, నడిమికి ముద్దగా చేరితే లేత రంగుకి వస్తుంది. మెల్‌బోర్న్ యూనివర్సిటీ వాళ్లు 2016లో ఒక మంచి పరిశోధన పేపర్ వేశారు, దాని ప్రకారం వీపు రంగు మారేది ఎక్కువగా వేడి కోసం, చుట్టూ ఉన్న నేల రంగులో కలిసిపోవడం కోసం, గడ్డం ఛాతీ రంగు మారేది ఎదుటి జీవికి ఏదో చెప్పడం కోసం. ఇది చదివాక నేను రాగిని చూసే పద్ధతే మారిపోయింది. అంతకుముందు "నల్లగా అయింది" అని ఒకటే మాట అనేవాణ్ణి, ఇప్పుడు ఎక్కడ నల్లగా అయిందని చూస్తా.

పొద్దున లేచినప్పుడు వీపు ముదురు రంగులో ఉండి, ఒళ్లు అప్పడంలాగా పరుచుకుని గాజు ట్యాంకులో వేడి కోసం పెట్టిన బల్బు కింద పడుకుంటే భయపడాల్సింది ఏమీ లేదు, ముదురు రంగు వేడిని త్వరగా పీలుస్తుంది కాబట్టి అట్లా చేస్తుంది. అరగంట తర్వాత అదే వీపు లేత రంగుకి వస్తుంది. రాత్రి ఇంకోటి. తెచ్చిన మొదటి వారం రాత్రి పదకొండుకి ఫోన్ లైట్‌తో చూస్తే రాగి సున్నం కొట్టినట్టు పాలిపోయి ఉంది, చచ్చిపోయిందనుకుని చెల్లెల్ని లేపేశాను. తర్వాత తెలిసింది, ఇవి రాత్రిపూట లేత రంగుకి పోవడం వీటి ఒంటి గడియారంలో ఉన్నదే, ఎప్పుడూ చీకట్లోనే పెట్టినా ఆ రోజువారీ మార్పు ఆగదని 2014లోనే తేల్చారు. కాబట్టి రాత్రి చూసి రంగు గురించి ఏదీ తేల్చొద్దు.

స్ట్రెస్ మార్క్స్ అని అంటారే, అవి పొట్ట మీదా ఛాతీ మీదా గుడ్డు ఆకారంలో నల్ల గీతలు, చుక్కలు. పిల్ల డ్రాగన్లలో ఎక్కువ కనిపిస్తాయి. కొత్త ఇల్లు, చలి, గాజులో తన నీడ కనిపించడం, ఎక్కువసేపు చేతుల్లో పట్టుకోవడం, వీటిలో ఏదైనా కావచ్చు. రాగికి మొదటి డిసెంబరులో పొట్టంతా చారలు వచ్చాయి. మా ఊర్లో చలి ఏముందిలే అనుకున్నా గానీ డిసెంబరు రాత్రుళ్లు బాగానే చల్లబడతాయి, పైగా ఆ వారం తెల్లవారుజామున కరెంటు పోతాండింది, రోజూ పొద్దున్నే బల్బు వెలిగేసరికి ఎనిమిదిన్నర దాటేది. ఒంట్లో వేడి లేకపోతే దీనికి తిన్నది అరగదు. బల్బుని ఇన్వర్టర్ లైనుకి మార్చాను, మూడు రోజుల్లో చారలు పోయాయి.

ఇక మే నెల. ఎండలో బతికే జీవికి మన ఎండ ఏం చేస్తుందిలే అని నేనూ అనుకున్నా. ఒక మధ్యాహ్నం రాగి ఒళ్లంతా ఎండుగడ్డి రంగుకి తిరిగి, నోరు తెరుచుకుని, బల్బుకి దూరంగా చల్లటి మూలలో గాజుకి ఆనుకుని ఉంది. మా చెల్లెలు "చూడన్నా నవ్వుతాంది" అంది. బల్బు కింద కూర్చుని నోరు తెరిస్తే మామూలే, వేడి సరిపోయింది ఇంక చాలు అని అర్థం, కుక్క నాలుక బయట పెట్టినట్టు. కానీ చల్లగా ఉండాల్సిన మూలలో కూర్చుని నోరు తెరిచిందంటే ట్యాంకులో పారిపోవడానికి చోటు మిగల్లేదని. కొలిస్తే బల్బు కింద రాయి 53 డిగ్రీలు, చల్ల మూల 38. ఉండాల్సింది రాయి మీద 38 నుంచి 42, చల్ల మూల 25 నుంచి 29. గది వేడే అంతుంటే బల్బు వేడి దాని మీద కలుస్తుంది, ఇంత చిన్న లెక్క నాకు తట్టలేదు, ఇప్పటికీ బాధేస్తుంది. అప్పటి నుంచి ఏప్రిల్, మే నెలల్లో పొద్దున రెండు గంటలే బాస్కింగ్ బల్బు, అంటే ఆ వేడి బల్బు, తర్వాత ఆపేస్తా, ఎండలో ఉండే యూవీబీ అనే కంటికి కనపడని కిరణాలిచ్చే ట్యూబ్ మాత్రం పగలంతా ఉంటుంది, గదిలో కూలర్ తిరుగుతుంది. వేడి కొలవడానికి జ్వరం చూసే గన్ వాడొద్దు, అది మనిషి ఒంటి వేడి దగ్గరే ఆగిపోతుంది, వస్తువుల వేడి కొలిచేది వేరే దొరుకుతుంది.

యూవీబీ గురించి కూడా ఇక్కడే చెప్పేస్తా. కిటికీ అద్దంలోంచి పడే ఎండ చాలదు, అద్దం యూవీబీని ఆపేస్తుంది. ట్యూబ్ వెలుగుతున్నా ఆరు నెలల నుంచి ఏడాదిలో దాని యూవీబీ తగ్గిపోతుంది, కంటికి తేడా తెలియదు. అది లేకపోతే కాల్షియం ఒంటికి పట్టదు, ఎముకలు మెత్తబడతాయి, వేళ్లు వణకడం, దవడ ఉబ్బడం దాకా వస్తుంది.

చెయ్యి ఊపడం. ముందు కాలు ఒకటి పైకెత్తి మెల్లగా గుండ్రంగా తిప్పుతుంది, చూడటానికి టాటా చెప్పినట్టే ఉంటుంది, జనాలు ముద్దొస్తుందని రీల్స్ తీస్తారు. నాకు ఆ రీల్స్ చూస్తే మనసు పాడవుతుంది. అది "నేను చిన్నదాన్ని, నన్నేం చేయొద్దు" అని లొంగిపోయే సైగ. కర్నూలులో మా చిన్నాయన కొడుకు రెండింటిని ఒకే ట్యాంకులో పెట్టాడు, ఒకటి ఎప్పుడూ ఇంకోదాని మీద ఎక్కి పడుకునేది, ఎంత ప్రేమో చూడరా అని ఫోటోలు పంపేవాడు. కింద ఉన్నది పొద్దస్తమానం చెయ్యి ఊపేది, పొట్ట మీద చారలు పోయేవి కావు, ఎదగలేదు. పైన ఉన్నది దాని వేడి, దాని వెలుతురు లాక్కుంటోంది అంతే. వేరే ట్యాంకులోకి మార్చిన నెలకి ఆ చారలు పోయాయి. దయచేసి రెండింటిని కలిపి పెట్టొద్దు, ఇవి ఒంటరిగానే సుఖంగా ఉంటాయి.

తల ఊపడం మన తొండ చేసేదే. ఊర్లో కంచె మీద తల, గొంతు ఎర్రగా చేసుకుని పైకీ కిందికీ ఊగే మగ తొండను చూడనోళ్లు ఎవరుంటారు, చిన్నప్పుడు మా ఊరి పిల్లలు దాన్ని రాళ్లతో కొట్టేవాళ్లు. మన బండల మీద తిరిగే ఇంకో రకం ఉంది, మగదాని వీపు ఎర్రగా, పక్కలు నల్లగా అవుతాయి, దాని మీద బెంగళూరులోని సైన్స్ పరిశోధన సంస్థ ఐఐఎస్‌సీ వాళ్లు పని చేశారు, ఆడదాని ముందు ఒక రంగు, ఇంకో మగదానితో కొట్లాటకి ఇంకో రంగు, అదీ సెకన్లలో మారుస్తుందట. మనం "తొండ ముదిరితే ఊసరవెల్లి" అని మోసగాళ్లని తిట్టడానికి వాడతాం. నాకైతే ఆ సామెత వింటే ఇప్పుడు పాపం అనిపిస్తుంది, లోపల ఏముందో ఒంటి మీదే రాసుకుని తిరుగుతాయి ఇవి.

సరే, ఆ ఫిబ్రవరికి వస్తా. మంగళవారానికి కూడా గడ్డం నల్లగానే. నేను వేడి కొలిచాను, సరిగానే ఉంది. గాజులో నీడ పడుతోందేమోనని మూడు వైపులా చార్టులు అంటించాను. యూవీబీ ట్యూబ్ మార్చాను. మడకశిర దగ్గర మా మేనమామ వాళ్లు పట్టుపురుగులు పెంచుతారు, మందు, సున్నం పొడి తగలని పురుగులు మాకు విడిగా తీసి పెడతారు, రాగికి అవంటే ప్రాణం, అవి పెట్టినా మొహం తిప్పుకుంది. బుధవారం ట్యాంకు ఎడమ మూలలో గీరడం మొదలుపెట్టింది, గీరి గీరి గోళ్లు అరిగిపోతాయేమో అనిపించింది. నేను గాజు మీద ఎక్కడానికి చూస్తోంది, స్ట్రెస్ ఎక్కువైంది అనుకున్నా. నా కళ్లు ఆ గడ్డం మీదే ఉండిపోయాయి.

ఆ రాత్రి జేజి మంచం మీద కూర్చుని చాలాసేపు చూసి, "ఒరేయ్ అబ్బీ, అది ఆ మూలకే పోతాంది, గీరుతాంది, మళ్లా వస్తాంది. కోడి గుడ్డు పెట్టేముందు ఇట్లే గదరా తిరిగేది. గంప పెట్టు" అంది.

"జేజీ, అది మగది" అన్నా. కొన్న షాపులో మగదని చెప్పారు, పిల్లగా ఉన్నప్పుడు ఆడ మగ తేల్చడం కష్టం కాబట్టి వాళ్లను పూర్తిగా తప్పు పట్టలేను. ఈ జాతిలో ఇంకో విచిత్రం, గుడ్లను 32 డిగ్రీల కన్నా ఎక్కువ వేడిలో పొదిగిస్తే మగ క్రోమోజోములున్నవి కూడా ఆడవిగా పుట్టొచ్చు. మగ తోడు లేకుండానే ఆడది గుడ్లు పెడుతుంది, పొదిగినా పిల్లలు కావు, మన ఫారం కోళ్ల లాగానే.

గురువారం లీవ్ పెట్టి బెంగళూరు పోయాం, ఇట్లాంటి జీవుల్ని చూసే డాక్టర్ మాకు దగ్గర్లో ఉన్నది అక్కడే. పొట్ట తడిమి చూసి, ఎక్స్‌రే తీసి చూపించారు, లోపల గుడ్లు ద్రాక్షగుత్తిలాగా ఉన్నాయి. గుడ్లతో ఉన్న ఆడదానికి గడ్డం ఇట్లా నల్లబడుతుంది, పెట్టడానికి చోటు దొరక్క ఆపుకుంటోంది అన్నారు. ఇంకొన్ని రోజులు అట్లే ఉండి నీరసపడి, వెనక కాళ్లు లాగుతూ ఉంటే గుడ్లు ఇరుక్కున్నట్టు, అప్పుడు ప్రాణానికే ప్రమాదం. ఇంకా కొన్ని చెప్పారు, రాసుకొచ్చాను: వెలుతురు, వేడి మారినా కదలకుండా ఒకేచోట ఉండే పసుపు గోధుమ పొక్కులు రంగు మార్పు కాదు, ఫంగస్ కావచ్చు, పక్కనున్న వాటికీ అంటుకుంటుంది. తోక చివర నల్లబడి ఎండితే తోక కుళ్లుతున్నట్టు. కళ్లు గుంటలు పడితే నీళ్లు తక్కువైనట్టు. కుబుసం విడిచే ముందు ఒళ్లు బూడిద రంగుకి మసకబారడం మాత్రం మామూలే. ఇంట్లో వదిలేటప్పుడు మిణుగురు పురుగు నోట్లో పడకుండా చూడమని గట్టిగా చెప్పారు, ఒక్కటి చాలు చంపేయడానికి.

ఇంటికి వచ్చేసరికి రాత్రి తొమ్మిది. పెద్ద ప్లాస్టిక్ టబ్బులో ఇసుక, ఎర్రమట్టి కలిపి, గుప్పిట పట్టితే ముద్ద నిలిచేంత తడి చేసి, అడుగు లోతు నింపాం. శుక్రవారం పొద్దున దాన్ని అందులో వదిలి, పైన ఒక పక్క దుప్పటి కప్పి, గదిలోకి ఎవరూ పోకుండా జేజి గుమ్మం దగ్గర కుర్చీ వేసుకుని కూర్చుంది. మధ్యాహ్నం రెండుకి చూస్తే గుంత పూడ్చి, ముక్కుతో మట్టి అదిమి, అలసిపోయి పక్కన పడుకుంది. 19 గుడ్లు. పొట్ట ఖాళీ సంచిలాగా అయింది. స్పూనుతో నీళ్లు పోస్తే నాకింది, కాల్షియం పొడి అద్దిన పట్టుపురుగులు నాలుగు తినింది, మూడింటికి గడ్డం అంచులు లేతబడ్డాయి, సాయంత్రం దీపాలు పెట్టే వేళకి మొత్తం తిరిగి రాగి రంగే.

జేజి ఇప్పుడు రోజూ పొద్దున కాఫీ గ్లాసు పట్టుకుని ట్యాంకు ముందు కూర్చుంటుంది. నేను ఆఫీసులో ఉంటే ఫోన్ చేసి చెప్తుంది, "ఈ పొద్దు వీపు నల్లగా పరుచుకునింది, ఇంకా బల్బు కిందే ఉంది, బాగుంది".