ఏడు దేవాలయాల దారిలో లాటిన్

రోము నగరానికి వెళ్లే కతోలిక యాత్రికులకు ఏడు దేవాలయాలను కాలినడకన దర్శించే ఆచారం ఒకటి ఉంది. పదహారో శతాబ్దంలో పునీత ఫిలిప్ నేరి తన శిష్యులను వెంటబెట్టుకుని ఆ దారి నడిచి, దానిని జనంలోకి తెచ్చారు. పునీత పేతురు బసిలికాతో మొదలై, ప్రాకారం వెలుపలి పునీత పౌలు బసిలికా, పునీత సెబాస్టియన్, లాటరన్, పరిశుద్ధ సిలువ, పునీత లారెన్స్ దేవాలయాల మీదుగా సాగి, సాంతా మరియా మజ్జోరె అని పిలిచే మరియమాత మహాదేవాలయంలో ముగిసే ఈ నడక ఇరవై కిలోమీటర్లకు పైనే ఉంటుంది. ఇరవై ఐదేళ్లకోసారి వచ్చే జూబిలీ సంవత్సరమైన 2025లో, ఎండ తీవ్రత తగ్గిన అక్టోబరులో, గుంటూరు ప్రాంతపు విచారణల (పారిష్‌ల) నుంచి వెళ్లిన ఒక చిన్న బృందంతో నేనూ ఆ దారి నడిచాను. రోములో సంఘ చట్టం, అంటే కతోలిక సంఘపు న్యాయశాస్త్రం, చదువుకుంటున్న ఒక తెలుగు ఫాదర్ గారు మాకు దారి చూపారు.

దర్శనంతో పాటు నాకు మరొక ఆసక్తి కూడా ఉంది. మా తాతగారు ఉపదేశి, అంటే ఊళ్లో విశ్వాస పాఠాలు నేర్పేవారు. బలిపూజలో (మాస్‌లో) గురువులు, అంటే ఫాదర్లు, ‘దోమినుస్ వోబిస్కుం’ (ప్రభువు మీతో ఉండునుగాక) అనగానే ‘ఎత్ కుం స్పిరితు తువో’ (నీ ఆత్మతోనూ) అని తడుముకోకుండా జవాబు చెప్పిన తరం ఆయనది. ఆ జవాబుకు అర్థం ఏమిటో ఆ తరంలో చాలామందికి తెలియదు, తెలియవలసిన అవసరమూ వారికి కనిపించలేదు. 1963 డిసెంబరు 4న రెండవ వాటికన్ మహాసభ దైవార్చన గురించి వెలువరించిన పత్రం ఒక పక్క లాటిన్‌ను కాపాడుకోవాలని చెబుతూనే, మరో పక్క ప్రజల భాషలకు తలుపు తెరిచింది. ఆ తలుపు గుండానే తెలుగు మా పూజాపీఠం మీదికి వచ్చింది. తెలుగులోనే ప్రార్థించడం నేర్చుకున్న నాకు, ప్రజలెవరూ ఇంట్లో మాట్లాడని ఒక భాష ఇన్ని వందల ఏళ్లు దేవాలయాల్లో, చిత్రాల్లో, చదువుల్లో ఎలా నిలిచిందో చూడాలనిపించింది.

పేతురు బసిలికా ముందున్న చౌకులో అడుగుపెట్టగానే ఆ భాష ఎదురవుతుంది. నడుమ నిలిచిన ఈజిప్టు శిలాస్తంభాన్ని 1586లో ఐదవ సిక్స్తుస్ పాపుగారి (పోపు) ఆజ్ఞతో అక్కడికి తరలించి నిలబెట్టినప్పుడు, దాని పీఠం మీద ‘క్రీస్తు జయించును, క్రీస్తు ఏలును, క్రీస్తు శాసించును’ అనే అర్థం వచ్చే లాటిన్ మాటలు చెక్కించారు. తల ఎత్తితే దేవాలయ ముఖభాగం మీద ఈ చివరి నుంచి ఆ చివరి వరకు మరో వాక్యం పరచుకుని ఉంది. అపొస్తలుల నాయకుని గౌరవార్థం ఐదవ పౌలు పాపుగారు దీనిని 1612లో కట్టించారని దాని సారాంశం. విశేషమేమిటంటే ఆ వాక్యంలో పేతురు పేరు కనిపించదు. సరిగ్గా నడిమి ద్వారం పైకి వచ్చేలా కనిపించేది పాపుగారి ఇంటిపేరు, బోర్గేసె. మన ఊరి గుళ్లలో ట్యూబులైటు మీద దాత పేరు రాసిన చందమే అనిపించి మా బృందంలో అందరూ నవ్వుకున్నారు. లోపల గోపురం అంచు చుట్టూ బంగారు నేపథ్యం మీద చాలా పెద్ద అక్షరాలతో ఉన్న సువార్త వాక్యం మాత్రం ఆ నవ్వును ఆపేస్తుంది. ‘నీవు పేతురువు, ఈ బండమీద నా సంఘమును నిర్మింతును’ అన్న ఆ మాటల కిందనే, నేల అడుగున, పేతురు సమాధి ఉందని సంఘం నమ్మిక.

ద్వారానికి కుడివైపున మైఖేలాంజెలో చెక్కిన మరియమాత ఒడిలో మరణించిన క్రీస్తు ఉన్నాడు. ఆమె ఎదమీదుగా ఏటవాలుగా సాగే పట్టీ మీద శిల్పి తన పేరు చెక్కుకున్నాడు. ఆయన కవితలు రాసుకున్నది ఇంటి భాష అయిన ఇటాలియన్‌లో, సంతకం పెట్టింది మాత్రం లాటిన్‌లో. ప్రాచీన గ్రీకు కళాకారులు తమ పని ఎన్నటికీ పూర్తి కాలేదన్న వినయంతో ‘చేస్తూ ఉండెను’ అని సంతకం చేసేవారని ప్రాచీన రోము రచయిత ప్లీనీ రాశాడు. ఇక్కడి క్రియాపదమూ అదే తీరులో ఉంది. ఇరవై నాలుగేళ్ల యువకుడు ఆ పాతకాలపు వరుసలో తనకూ చోటు ఉందని అంత నిబ్బరంగా చెప్పుకోవడానికి లాటిన్ పనికివచ్చింది. వినయం పేరుతో చేసిన గొప్ప అతిశయం అది అని నా అభిప్రాయం.

పౌలు బసిలికా 1823లో కాలిపోయి తిరిగి కట్టినది కావడంతో, దాని విశాలతకు తల వంచినా నా మనసు అక్కడ ఎక్కువసేపు నిలవలేదు. ప్రధాన పీఠం కింద అపొస్తలుని సమాధి మీద ఉన్న ‘పౌలో అపొస్తొలొ మార్త్’ (హతసాక్షి, అపొస్తలుడు అయిన పౌలుకు) అనే పాతకాలపు పలక గురించి విని, ప్రార్థించి, అప్పియా రహదారి వైపు కదిలాం.

సెబాస్టియన్ దేవాలయం కింది భూగర్భ సమాధుల్లో మాత్రం చాలాసేపు ఉండిపోయాను. మూడో శతాబ్దంలో అక్కడ పేతురు, పౌలుల స్మరణకు చేరిన సామాన్య యాత్రికులు గోడ సున్నం మీద మొనదేలిన పరికరంతో గీసిన వందలాది మొరలు బయటపడ్డాయి. కొన్ని గ్రీకులో, ఎక్కువ లాటిన్‌లో. ‘పౌలూ, పేతురూ, విక్టరు కొరకు ప్రార్థించండి’ అంటుంది వాటిలో ఒకటి. పేతురు ముఖభాగం మీది అక్షరాల్లోని కొలత, పొందిక వీటిలో లేవు. పంక్తులు వంకర, అక్షరాలు హడావుడి. ఇంట్లో, వీధిలో మాట్లాడే మాటను అలాగే గోడకు ఎక్కించిన మనుషులు వీరు.

ఇక్కడే ఫాదర్ గారు ఒక సంగతి గుర్తుచేశారు. ‘మాస్టారూ, రోము సంఘం మొదట్లో ప్రార్థించింది లాటిన్‌లో కాదండి, గ్రీకులో. పౌలుగారు రోమీయులకు రాసిన లేఖ కూడా గ్రీకే కదా’ అన్నారు. నాలుగో శతాబ్దం వచ్చేసరికి నగరంలో గ్రీకు అర్థమయ్యేవారు తగ్గిపోయారు. 366 నుంచి 384 వరకు పాపుగా ఉన్న దమాసుస్ కాలానికి బలిపూజ లాటిన్‌లోకి మారింది. లాటిన్ సువార్తలను సరిదిద్దే పనిని జెరోముకు అప్పగించినదీ ఆయనే. హతసాక్షుల సమాధుల మీద అందమైన అక్షరాలతో తాను అల్లిన పద్యాలు చెక్కించినదీ ఆయనే. ఈ చోటు కోసం ఆయన రాసిన పద్యంలో, తూర్పు దేశమే ఈ శిష్యులను పంపిందని తాము సంతోషంగా ఒప్పుకుంటామనే మాట ఉంది. అంటే తాతగారికి అర్థం తెలియని దేవభాషగా కనిపించిన లాటిన్, రోము పూజాపీఠం మీదికి వచ్చినప్పుడు జనానికి అర్థమయ్యే భాష కనుకనే వచ్చింది. తెలుగు మా ఊరి పీఠం మీదికి ఏ కారణంతో వచ్చిందో, పదహారు వందల ఏళ్ల ముందు లాటిన్ కూడా అదే కారణంతో వచ్చింది.

లాటరన్ బసిలికా ముందు, ‘నగరంలోనూ లోకంలోనూ ఉన్న సకల దేవాలయాలకు తల్లి, శిరస్సు’ అనే బిరుదును చదివి జూబిలీకి తెరిచే పవిత్ర ద్వారం దాటాం. సంగీతకర్త పాలెస్త్రీనా 1555 నుంచి 1560 వరకు ఇక్కడ గాయక బృందానికి పెద్దగా ఉన్నారు. అనేక స్వరాలు అల్లుకుపోయే సంగీతంలో పూజా వాక్యాలు వినబడకుండా పోతున్నాయని పదహారో శతాబ్దపు త్రెంతు మహాసభ కాలంలో సంఘ పెద్దలు కలవరపడ్డారు. జనానికి అర్థం కాని భాషలో మాట స్పష్టంగా వినబడాలన్న ఆరాటం పైకి వింతగా తోస్తుంది కాని, పాటకు ప్రాణం అక్షరమేనని నమ్మేవారికి అది వింత కాదు. సంస్కృత కీర్తనను భాష రాకపోయినా ఉచ్చారణ తప్పకుండా పాడాలని పట్టుబట్టే మన సంగీత గురువులకు ఆ ఆరాటం ఇట్టే తెలుస్తుంది.

పరిశుద్ధ సిలువ దేవాలయంలో ఒక కొయ్య పలక ముక్క ఉంది. క్రీస్తు సిలువ మీద పిలాతు రాయించిన పలక అదేనని భక్తుల విశ్వాసం. యోహాను సువార్త చెప్పినట్టే దాని మీద హీబ్రూ, గ్రీకు, లాటిన్ వరుసలు ఉన్నాయి. గ్రీకు, లాటిన్ వరుసలు కూడా హీబ్రూ మాదిరిగా కుడి నుంచి ఎడమకు రాసి ఉండటం చూపరులను ఆశ్చర్యపరుస్తుంది. 2002లో వెలువడిన రేడియోకార్బన్ పరీక్ష దానిని పది, పన్నెండు శతాబ్దాల నడిమి కాలానికి చెందిన కొయ్యగా తేల్చింది. ఆ సంగతి తెలిసీ నేను మోకరించాను. నేను తల వంచింది ఆ వాక్యానికి, అది నిలిచిన కొయ్య వయసుకు కాదు.

ఆ మూడు భాషల వరుస వెనుక ఒక పెద్ద తగాదా ఉంది. అది అర్థం కావాలంటే ఏడింటి లెక్కలో లేని మరో గుడికి వెళ్లాలని ఫాదర్ గారు పట్టుబట్టారు. లాటరన్ నుంచి కొలోసియం వైపు నడిస్తే తొలి పాపుల్లో ఒకరైన పునీత క్లెమెంతు బసిలికా వస్తుంది. పైన పన్నెండో శతాబ్దపు దేవాలయం, దాని కింద నాలుగో శతాబ్దపు దేవాలయం, ఇంకా కింద రోమను కాలపు ఇళ్లు, మిత్ర దేవుని గుడి. 1857లో ఇక్కడి ఐరిష్ దొమినికన్ మఠాధిపతి జోసెఫ్ ములూలీ తవ్వకం మొదలుపెట్టేదాకా కింది దేవాలయం సంగతే జనం మరిచిపోయారు.

ఆ కింది దేవాలయంలో పదకొండో శతాబ్దం చివరిదని చెప్పే గోడచిత్రం ఒకటి ఉంది. సిసిన్నియుస్ అనే అధికారి క్లెమెంతును బంధించి ఈడ్చుకు రమ్మని సేవకులను పురమాయిస్తాడు. దైవమాయ కమ్మిన ఆ సేవకులు ఒక రాతి స్తంభాన్నే క్లెమెంతు అనుకుని తాళ్లు కట్టి లాగుతూ ఉంటారు. చిత్రకారుడు ఎవరి మాటలు వారి పక్కనే రాశాడు. అధికారి నోట వచ్చేది అప్పటి రోము వీధి భాష. తల్లి మీదికి పోయే బూతుతో మొదలుపెట్టి, లాగండిరా అని సేవకులను పేరుపేరునా గదమాయిస్తాడు. పునీతుని మాట మాత్రం లాటిన్‌లో ఉంది. మీ గుండె కాఠిన్యం వల్ల మీకు రాళ్లు లాగడమే తగిన శాస్తి అయిందని దాని భావం. ఇటాలియన్ భాషకు దొరికిన తొలి రాతల్లో ఆ తిట్టు ఒకటి.

మేము వెళ్లినప్పుడు అక్కడ హైస్కూలు పిల్లలు కొందరు తమ ఉపాధ్యాయురాలితో నిలబడి ఉన్నారు. ఇటలీలో క్లాసికల్ ‘లిచేఓ’లో చేరిన పిల్లలు ఐదేళ్లూ లాటిన్, గ్రీకు చదవాలి. తిట్టు చదవగానే పిల్లలందరూ ఒక్కసారిగా నవ్వారు. తొమ్మిది వందల ఏళ్ల నాటి బూతు వారికి ఎవరి సాయం లేకుండానే అర్థమైంది. ఆ తరువాత ఉపాధ్యాయురాలు పునీతుని వాక్యం దగ్గర వేలు చూపి ప్రశ్న వేసింది. కాసేపటికి వెనుక నుంచి ఒక అమ్మాయి జవాబు చెప్పింది. ఫాదర్ గారు నాకు వివరించిన ప్రకారం ఆ లాటిన్ వాక్యంలో విభక్తి ఒకటి తప్పింది, ఆ అమ్మాయి పట్టుకున్నది దానినే. ఉద్యోగమంతా పిల్లల వ్యాకరణం దిద్దుతూ గడిపిన నాకు ఆ క్షణంలో కలిగిన సంతోషం ఇంతా అంతా కాదు. వీధి భాష రాసినప్పుడు నిర్భయంగా సాగిన చెయ్యి, లాటిన్ రాసేటప్పుడు తడబడింది. రోములో సైతం అప్పటికే లాటిన్ బడిలో నేర్చుకోవలసిన భాష అయిపోయిందని ఏ చరిత్ర గ్రంథం కంటే గట్టిగా ఆ తప్పు చెబుతుంది.

అదే కింది దేవాలయంలో పునీత సిరిల్ సమాధి స్థానం ఉంది. స్లావు ప్రజల భాషకు లిపి కూర్చి, పూజా గ్రంథాలను అందులోకి తెచ్చిన సోదరులలో ఆయన ఒకరు. సిలువ పలక మీది మూడు భాషల్లో తప్ప దేవుణ్ణి స్తుతించరాదని వెనిసులో కొందరు గురువులు ఆయనతో వాదించారు. వాన అందరి మీదా సమానంగా కురవడం లేదా, సూర్యుడు అందరికీ వెలుగివ్వడం లేదా అని ఆయన బదులు చెప్పినట్టు ఆయన జీవిత కథనం తెలుపుతుంది. క్లెమెంతు అస్థులను క్రిమియా నుంచి రోముకు తెచ్చిన ఆయన 869 ఫిబ్రవరి 14న ఇక్కడే కన్నుమూశారు, క్లెమెంతు పేరిట ఉన్న గుడిలోనే ఆయనను పాతిపెట్టారు. సమాధి చుట్టూ స్లావు దేశాలవారు తమ తమ భాషల్లో కృతజ్ఞతా ఫలకాలు పెట్టారు. మా బృందం అక్కడ ‘పరలోక జపం’ తెలుగులో చెప్పింది. అది ఎవరూ ముందుగా అనుకున్నది కాదు.

1943 జూలై 19న బాంబుల దెబ్బ తిని మళ్లీ నిలబడిన లారెన్స్ దేవాలయాన్ని దర్శించి, సాయంకాలానికి మరియమాత మహాదేవాలయం చేరాం. ఫ్రాన్సిస్ పాపుగారి సమాధి ముందు వరుస నెమ్మదిగా కదులుతోంది. ఆయన కోరిక ప్రకారం పలక మీద ‘ఫ్రాన్సిస్కుస్’ అన్న ఒక్క పేరే ఉంది. బిరుదులన్నీ వదులుకున్నవారు కూడా పేరును లాటిన్‌లోనే ఉంచుకున్నారు. రెండవ హాద్రియను పాపుగారు సిరిల్ తెచ్చిన స్లావు గ్రంథాలను స్వీకరించి ఆశీర్వదించి ఉంచినది కూడా ఈ దేవాలయంలోనే.

తిరిగి వస్తూ గ్రెగోరియన్ విశ్వవిద్యాలయం ముందుగా నడిచాం. 1551లో ఇగ్నేషియస్ లొయోలా నెలకొల్పిన రోము కళాశాలకు ఇది వారసురాలు. 1582 నాటి పంచాంగ సంస్కరణకు లెక్కలు చూసిన గణితవేత్త క్లావియుస్ పాఠాలు చెప్పినది, చైనా వెళ్లిన మత్తేయో రిచ్చి చదివినది ఆ కళాశాలలోనే. 1960ల వరకు పాఠాలన్నీ లాటిన్‌లోనే జరిగాయి. ఇప్పుడు అలా కాదు. అయినా 1983 నాటి సంఘ చట్టానికి అధికారిక పాఠం లాటినే కనుక ఆ శాస్త్రం చదివేవారికి అది తప్పదు. ‘మా తరగతిలో కొరియావారు, నైజీరియావారు, బ్రెజిల్‌వారు ఉన్నారు మాస్టారూ. విభక్తుల దగ్గర అందరం సమానమే, ఒకరిని చూసి ఒకరు నవ్వే వీలు లేదు’ అన్నారు ఫాదర్ గారు. గురువులు ఈ భాషను బాగా నేర్వాలనే నా కోరిక, ఎందుకంటే చట్టాన్ని అనువాదాల మీదుగా మాత్రమే తెలుసుకున్నవారు మూలాన్ని ప్రశ్నించలేరు. మా విచారణలో పూజ మళ్లీ లాటిన్‌లోకి వెళ్లాలని ఎవరైనా అంటే మాత్రం నేను ఒప్పుకోను. దమాసుస్ పాపుగారూ ఒప్పుకోరనే అనుకుంటున్నాను.

ఆదివారం పేతురు బసిలికాలో లాటిన్ బలిపూజకు వెళ్లాం. ప్రసంగం ఇటాలియన్‌లో సాగింది. నా పక్కన పోలండు దంపతులు, వారి పక్కన కొందరు వియత్నామీయులు. మా వరుసలో ఎవరికీ ఒక్క ముక్క అర్థమైనట్టు లేదు. ప్రసంగం ముగిసి విశ్వాస సంగ్రహం ఎత్తుకోగానే వారందరూ పుస్తకం చూడకుండా పాడసాగారు. తెలుగు అక్షరాల్లో రాసుకున్న కాగితం పట్టుకుని నేనూ కలిశాను. వియత్నాం పెద్దాయన కొంచెం వేగం ఎక్కువ మనిషి, ఆయన వెంట పడి మా వరుస మొత్తం ఆర్గాన్ కంటే ముందే ‘ఆమెన్’ చేరుకుంది.