గేమ్ తీసేసినా ఆగని నోటిఫికేషన్లు: నా గ్రూప్-2 ప్రిపరేషన్‌లో మలుపు తిప్పిన ఒక రాత్రి

తెలంగాణ ప్రభుత్వ ఉద్యోగాల పరీక్ష గ్రూప్-2 తుది ఎంపిక జాబితా 2025 సెప్టెంబరు 28న వచ్చింది. మండల పంచాయతీ అధికారి పోస్టుకు నేను ఎంపికయ్యానని తెలిసినప్పటి నుంచి, హైదరాబాద్ అశోక్‌నగర్ స్టడీ హాల్‌లో నా వెనక వరసల్లో కూర్చుని చదివిన తమ్ముళ్లు, చెల్లెళ్లు ఫోన్ చేసి ఏ పుస్తకాలు చదివానని అడుగుతున్నారు. ఆ జవాబు మీకు తెలియనిది కాదు. తెలుగు అకాడమీ పుస్తకాలు, సిలబస్ ప్రతి, పాత ప్రశ్నపత్రాలు మనందరి బల్లల మీదా ఒకేలా ఉంటాయి. 783 పోస్టుల కోసం అవే పుస్తకాలు చదివిన లక్షల మందిలో నేనూ ఒకదాన్ని. అందుకే పుస్తకాల సంగతి పక్కనపెట్టి, నా విషయంలో నిజంగా తేడా తెచ్చిన ఒక పని గురించి, అంటే ఫోన్‌లో ఆటల నోటిఫికేషన్లను ఆపేయడం గురించి, ఇక్కడ వివరంగా రాస్తున్నాను. ఆ పనికి పట్టింది ఒక రాత్రిలో ముప్పావు గంట. అది చేయకముందు గ్రూప్-4 పోగొట్టుకున్నాను.

మన మాటల్లో నోటిఫికేషన్ అంటే ఉద్యోగ ప్రకటన. దాని కోసం ఏళ్ల తరబడి ఎదురుచూస్తాం. నేను చెప్పబోయే నోటిఫికేషన్లు మాత్రం ఎవరూ ఎదురుచూడనివి. నా లెక్క ప్రకారం అవి రోజుకు యాభైకి తక్కువ కాకుండా వచ్చేవి.

2022 దసరా సెలవుల్లో అక్క కొడుకు నా ఫోన్‌లో ఒక వ్యవసాయం ఆట వేసుకున్నాడు. కొత్తగా ఖాతా తెరవడం ఎందుకని, నా సామాజిక మాధ్యమ ఖాతాతోనే అందులోకి వెళ్లాడు. వాడు ఊరికి వెళ్లిపోయాక ఆట నా ఫోన్‌లోనే ఉండిపోయింది. చదువు మధ్యలో అయిదు నిమిషాలు మనసు తేలికపడుతుందని నేనూ ఆడాను, అది దాచను. నెల తిరిగేసరికి నా పొలం పెరిగింది, కోళ్లు పెరిగాయి, వాటితోపాటు పిలుపులూ పెరిగాయి. "మీ పంట కోతకు వచ్చింది", "మీ ఆవులు ఎదురుచూస్తున్నాయి", "మీ బంధువు ఒకరు మిమ్మల్ని దాటిపోయారు" అంటూ వచ్చే ఆ వాక్యాల్లో పరీక్షకు పనికివచ్చేది ఒక్కటీ లేకపోయినా, ప్రతిదీ నన్ను ఒక్క క్షణం ఆపేది.

గ్రూప్-4 పరీక్ష 2023 జూలై 1న. దానికి పన్నెండు రోజుల ముందు, రాత్రి పదిన్నరకు, స్టడీ హాల్ మూలన కూర్చుని ఫోన్‌లో గ్రాండ్ టెస్ట్ (పూర్తి నిడివి నమూనా పరీక్ష) రాస్తున్నాను. 150 ప్రశ్నలు, రెండున్నర గంటలు. ఎనభై ఏడో ప్రశ్న తెలంగాణ ఉద్యమం నుంచి వచ్చింది. కేంద్రం తెచ్చిన అష్టసూత్ర పథకం, పంచసూత్ర పథకం, ఆరు సూత్రాల పథకం, రాష్ట్రపతి ఉత్తర్వులు, ఈ నాలుగింటినీ సంవత్సరాలతో జతపరచాలి. ఇలాంటి ప్రశ్నలకు ఒక్కొక్క విషయం విడిగా తెలిసి ఉంటే చాలదని మీకు తెలుసు, నాలుగింటినీ ఒకేసారి మనసులో నిలబెట్టాలి. ఎనిమిది, అయిదు, ఆరు అనే అంకెలు ఒకదానిమీద ఒకటి పడిపోకుండా పట్టుకుని, అష్టసూత్రాలు 1969, పంచసూత్రాలు 1972 అనుకుంటూ ఉండగా తెర పైనుంచి ఒక పట్టీ జారింది. ప్రశ్న సగం మూసుకుపోయింది. "మీ టమాటాలు ఎండిపోతున్నాయి!" పక్కకు తోసేద్దామని వేలు పెట్టాను, అది తెరుచుకుంది. నీళ్లు పోసి వచ్చేద్దామనుకున్నాను. తిరిగి వచ్చేసరికి ఇరవై మూడు నిమిషాలు పోయాయి, టెస్ట్ గడియారం ఆగకుండా తిరుగుతూనే ఉంది, ఆరు సూత్రాలు 1973 అని అంతకుముందు తడుముకోకుండా చెప్పగలిగిన నేను 1972, 1973ల మధ్య ఊగిసలాడి తప్పు గడి నొక్కాను. అరిథ్‌మెటిక్ అంతా చివరి పది నిమిషాల్లో గుడ్డిగా పెట్టాల్సి వచ్చింది.

ఆ రాత్రే కోపంతో ఆటను ఫోన్ నుంచి తీసేశాను. సమస్య తీరిపోయిందని నమ్మాను. నేను చేసిన అసలు పొరపాటు ఆ నమ్మకమే.

మర్నాడు పొద్దున్నే మళ్లీ వచ్చింది: "మీ చిన్నమ్మ మీకు విత్తనాలు పంపారు, తీసుకోండి." ఆట లేదు, పిలుపు ఉంది. ఊళ్లో ఉన్న చిన్నమ్మకు ఫోన్ చేసి, "చిన్నమ్మా, పరీక్ష అయ్యేదాకా నాకు ఆటలవి పంపకు" అని బతిమాలాను. ఆమె నిజంగానే ఆశ్చర్యపోయింది. "నేనేం పంపలే బిడ్డా. ఆట ఆగిపోతే బటన్ ఒత్తమన్నది, ఒత్తిన. అదే అందరికీ పోతున్నదేమో" అంది. ఆమె చెప్పింది అక్షరాలా నిజం. అయినా అప్పటికి పరీక్ష నెత్తిమీద ఉంది, విషయం లోతుకు పోయే ఓపిక లేక, పట్టీ వచ్చినప్పుడల్లా పక్కకు తోస్తూ ఆ పన్నెండు రోజులూ గడిపాను. గ్రూప్-4లో కొద్ది మార్కుల తేడాతో నా పేరు జాబితాలో లేకుండా పోయింది. ఆ తప్పంతా ఆటదే అనను. అరిథ్‌మెటిక్‌లో నేను ముందునుంచీ బలహీనమే. కానీ చివరి రెండు వారాల రివిజన్ ముక్కలు ముక్కలుగా సాగిందన్నది నాకు తెలిసిన సత్యం.

పరీక్ష రాసిన వారానికి, ఒక రాత్రి పుస్తకం తెరవకుండా ఫోన్ ముందేసుకుని కూర్చున్నాను. ఒక పిలుపు వచ్చేదాకా ఆగి, దాన్ని తెరవకుండా వేలితో కాసేపు నొక్కి పట్టాను. ఆండ్రాయిడ్ ఫోన్లలో అలా నొక్కితే ఆ నోటిఫికేషన్ ఏ యాప్ నుంచి వచ్చిందో, ఆ యాప్‌లో ఏ రకానికి చెందిందో కనిపిస్తుంది. వచ్చింది ఆట నుంచి కాదు, సామాజిక మాధ్యమం యాప్ నుంచి. ఫోన్‌లో ఆట లేకపోయినా నా ఖాతాకు, ఆటకు మధ్య అక్క కొడుకు వేసిన ముడి అలాగే ఉంది. యాప్ తీసేస్తే ఫోన్‌లోని ఆట పోతుంది, ఖాతాలోని అనుమతి పోదు. ఈ ఒక్క సంగతి నాకు జూన్‌లోనే తెలిసి ఉంటే బాగుండేది.

ఆ మాధ్యమం ఖాతా సెట్టింగుల్లోకి వెళితే, మన ఖాతాతో ప్రవేశించిన యాప్‌లు, వెబ్‌సైట్ల జాబితా ఒకటి ఉంటుంది. నా జాబితాలో పదకొండు పేర్లు ఉన్నాయి, వాటిలో నాలుగింటిని నేనెప్పుడు తెరిచానో కూడా గుర్తులేదు. ఒక్కొక్కటీ తొలగించాను. అదే చోట ఆటలు, యాప్‌ల నుంచి వచ్చే ఆహ్వానాలను మొత్తంగా ఆపే వీలు కూడా ఉంది, దాన్నీ ఆపాను. ఆ తర్వాత ఫోన్ సెట్టింగుల్లో నోటిఫికేషన్ల విభాగం తెరిచి, అదే యాప్ పేరు మీద నొక్కాను. మీలో చాలామంది ఇక్కడ మొత్తం యాప్‌నే ఆపేస్తారు, నేను ఆపలేదు, ఎందుకంటే మా రోజువారీ బిట్ల (చిన్న ప్రశ్నల) గ్రూపు అందులోనే నడిచేది. ఆపాల్సిన అవసరమూ లేదు. 2017లో వచ్చిన ఆండ్రాయిడ్ 8 నుంచి ఒక యాప్ తన నోటిఫికేషన్లను రకాలుగా విడదీసి చూపిస్తుంది, ఏ రకానికి ఆ రకం మనం ఆపుకోవచ్చు. గ్రూపు సందేశాలను ఉంచి, ఆహ్వానాలు, సిఫారసులు, పుట్టినరోజులు, ప్రత్యక్ష ప్రసారాలు, ఒక్కొక్కదాని పక్కనున్న మీటను ఆపుతూ వచ్చాను. ఐకాన్ మీద పడే చుక్కను కూడా ఆపండి, మర్చిపోవద్దు. శబ్దం లేకపోయినా ఆ చుక్క కనబడితే చెయ్యి అటే పోతుంది.

రెండు రోజులు హాయిగా గడిచాక మూడో రోజు మరొకటి దిగింది, ఈసారి బ్రౌజర్ నుంచి. ఎప్పుడో కరెంట్ అఫైర్స్ వెతుకుతూ ఏదో సైట్‌లో "అనుమతించు" అని నొక్కి ఉంటాను, ఆ అనుమతితో అది ఆటల ప్రకటనలు పంపుతోంది. బ్రౌజర్ సెట్టింగుల్లో సైట్ల అనుమతులు చూసి, నోటిఫికేషన్ల కింద ఉన్న పేర్లన్నిటినీ తీసేశాను. మీ ఫోన్ ఆండ్రాయిడ్ 11 లేదా ఆ తర్వాతిదైతే సెట్టింగుల్లో నోటిఫికేషన్ల చరిత్రను ఆన్ చేసి ఒక రోజు వదిలేయండి, సాయంత్రానికి ఎవరెవరు తలుపు తట్టారో వరసగా కనబడుతుంది. ఆండ్రాయిడ్ 13 ఉన్న ఫోన్లలో కొత్తగా వేసుకునే యాప్ నోటిఫికేషన్లు పంపడానికి ముందుగా అడిగి తీరాలి కాబట్టి, అడిగినప్పుడే వద్దనండి. ఐఫోన్ వాడేవాళ్లకు సెట్టింగుల్లో యాప్ వారీగా ఆపే వీలు, చదువుకునే వేళల్లో నోటిఫికేషన్లను ఆపి ఉంచే ఫోకస్ పెట్టుకునే వీలు ఉన్నాయి. ఫోన్ కంపెనీని బట్టి ఈ పేర్లు, వాటి చోట్లు కొంచెం మారుతుంటాయి, వెతికితే దొరకనంత లోతులో మాత్రం లేవు. ఇంకొక జాగ్రత్త: యాప్ అప్‌డేట్ అయినప్పుడు కొత్త రకాలు చేరి, అవి ఆన్‌లోనే ఉండవచ్చు. నేను ప్రతి నెల ఒకటో తేదీన, స్టడీ హాల్ ఫీజు కట్టిన రోజునే, ఆ జాబితా మరోసారి చూసుకునేదాన్ని.

ఇంత కష్టం దేనికి, ఫోన్ పక్కన పడేయకపోయావా అని మా అన్న అప్పుడూ అడిగాడు, ఇప్పుడూ అడుగుతున్నాడు. మా హాల్‌లో కీప్యాడ్ ఫోన్‌తో ఏడాది గడిపిన వాళ్లు ఉన్నారు, వాళ్లంటే నాకు గౌరవం. కానీ మనం రాసిన గ్రూప్-2 తేదీలు ఒక్కసారి గుర్తుచేసుకోండి. మొదట 2023 ఆగస్టు 29, 30 అన్నారు, తర్వాత నవంబరు 2, 3, ఆ తర్వాత 2024 జనవరి 6, 7, మళ్లీ ఆగస్టు 7, 8, చివరికి డిసెంబరు 15, 16న పరీక్ష జరిగింది. ఏ వార్త ఏ రోజు వస్తుందో తెలియని ఆ పదహారు నెలల్లో హాల్‌టికెట్ కోసం, టెస్ట్ సిరీస్ కోసం, పీడీఎఫ్‌ల కోసం, ఊళ్లో అమ్మ ఆరోగ్యం కోసం నాకు ఫోన్ కావాల్సి వచ్చింది. కోచింగ్‌కు డబ్బులేని వాళ్లకు ఆ ఫోనే తరగతి గది. దాన్ని వదిలేయమని చెప్పడం తేలిక, వదిలేసి చదవగలగడం అందరికీ కుదరదు. నాకు మనోబలం లేదని ఎవరైనా అంటే ఒప్పుకోను. రోజుకు యాభై సార్లు తలుపు తట్టించుకుంటూ, యాభై సార్లూ లేవకుండా కూర్చోవడానికి ఖర్చయ్యే మనోబలాన్ని మిగిల్చుకుని పేపర్-3 ఎకానమీ మీద పెట్టాను, అంతే.

క్రమశిక్షణ అంటే తెల్లవారుజామున నాలుగింటికి లేవడం అని మనలో చాలామందికి ఒక భ్రమ ఉంది. నేను ఏనాడూ ఆరింటికి ముందు లేవలేదు. పొద్దున ఏడు నుంచి పదకొండు వరకు, మధ్యాహ్నం రెండు నుంచి ఆరు వరకు ఫోన్ సంచిలో ఉండేది, కాల్స్, నోటిఫికేషన్లు మోగకుండా ఆపే డూ నాట్ డిస్టర్బ్ ఆన్‌లో ఉండేది, అమ్మ, అన్న నంబర్లకు మాత్రం మినహాయింపు ఉండేది. ఆ ఎనిమిది గంటల్లో కూర్చున్న చోటు నుంచి మనసు కదలకుండా చూసుకున్నాను. తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, గంటలు లెక్కపెట్టుకోవడం మానేసి, ఆ గంటల్లో మీ దృష్టి ఎన్నిసార్లు తెగిందో ఒక్కరోజు కాగితం మీద గీతలు పెట్టుకోండి. నేను పెట్టుకున్న మొదటి రోజు పేజీ నిండింది.

మిగతాది త్వరగా చెప్పేస్తాను. పేపర్-1కు రోజూ పత్రిక, పేపర్-2కు పాలిటీ మూడు రివిజన్లు, పేపర్-3కు సామాజిక ఆర్థిక సర్వే, పేపర్-4కు కాలక్రమాన్ని నేనే చార్టు రాసుకుని మంచం పక్క గోడకు అంటించుకున్నాను. ఆ చార్టులో 1969, 1972, 1973, 1975 ఎర్ర సిరాతో ఉన్నాయి. చివరి నెలంతా కాగితం మీదే గ్రాండ్ టెస్టులు రాశాను. ఓఎంఆర్ జవాబు పత్రంలో వృత్తాలు దిద్దడానికి పట్టే సమయం ఫోన్ టెస్టుల్లో తెలియదు, అది ముందే సాధన చేసుకోండి.

ఫలితాలు వచ్చిన ఆదివారం ఊళ్లో అమ్మతో కలిసి బతుకమ్మ పేరుస్తున్నాను. చాప మీద ఒకవైపు తంగేడు, ఒకవైపు రంగు అద్దిన గునుగు పూలు. అలవాటు పోక ఫోన్ డూ నాట్ డిస్టర్బ్‌లోనే ఉంది. స్టడీ హాల్ స్నేహితురాలు చేసిన మొదటి కాల్ మోగనే లేదు. పదిహేను నిమిషాల్లోపు అదే నంబరు నుంచి రెండోసారి వస్తే మోగేలా పెట్టి ఉంచాను కాబట్టి, రెండో కాల్ మోగింది. రంగు అంటిన వేళ్లతోనే ఎత్తాను. "జాబితా వచ్చింది, నీ హాల్‌టికెట్ నంబరు చెప్పు" అంది. ఏ కాగితమూ చూడకుండా చెప్పాను.