సిడ్నీ హార్బర్‌లో డిన్నర్ క్రూజ్: వెళ్లాలా, వద్దా?

అమ్మానాన్నలు రాజమండ్రి నుంచి వచ్చారని నిన్న సాయంత్రం డార్లింగ్ హార్బర్‌లో డిన్నర్ క్రూజ్ ఎక్కించాను. టికెట్ ధర చూసి వారం రోజులు ఊగిసలాడాను.

భోజనం మాత్రం నిరాశే. వెజ్ అని ముందే చెప్పినా అమ్మకి వచ్చింది ఉప్పూకారం లేని ఉడికించిన కూరగాయలు. ఇంటికొచ్చాక పెరుగన్నంలో ఆవకాయ నంజుకుని తింది.

కానీ పడవ హార్బర్ బ్రిడ్జి కిందికి రాగానే నాన్న ప్లేటు వదిలేసి డెక్ మీదికి వెళ్లిపోయారు. గోదావరి ఒడ్డున పెరిగిన మనిషి, వంతెనలంటే ప్రాణం. రెండు ఒడ్ల నుంచీ ఇనుప ఆర్చ్ కట్టుకుంటూ వచ్చి 1930లో నడిమధ్యన కలిపారని, 1932లో వంతెన తెరిచారని చెప్తే, "అంత ఇనుము గాల్లో ఎలా నిలబెట్టారురా!" అంటూ పైకే చూస్తూ ఉండిపోయారు. ఆ ముఖం చూశాక డబ్బుల సంగతి నాకు గుర్తు రాలేదు.

వెళ్లాలనుకుంటే డిసెంబరులో వెళ్లండి, రాత్రి 8 దాకా వెలుగు ఉంటుంది. జూన్‌లో 5 గంటలకే చీకటి.

ఓపెరా హౌస్, బ్రిడ్జి చూడటమే ముఖ్యమైతే సర్క్యులర్ కీ రేవు నుంచి మ్యాన్లీ బీచ్ వైపు వెళ్లే ఫెర్రీ చాలు, అరగంట ప్రయాణం. వచ్చే నెల అత్తయ్యావాళ్లని అందులోనే తీసుకెళ్తాను. పులిహోర కట్టుకెళ్లి బీచ్‌లో తింటాం.