కాచిగూడ స్టేషన్‌లో ఒక గంట

రైలు ఆలస్యం కావడంతో ఈ రోజు కాచిగూడ స్టేషన్ భవనాన్ని మొదటిసారి తీరిగ్గా చూశాను. ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ హయాంలో, 1916లో కట్టిన ఈ భవనం నడిమి గుమ్మటంతో, పక్కనున్న చిన్న గుమ్మటాలతో, సన్నని మీనార్లతో దూరం నుంచి ఏదో నవాబు దేవిడీలా కనిపిస్తుంది. సికింద్రాబాద్‌కు 1874లోనే రైలు వచ్చింది, నాంపల్లి స్టేషన్ 1907లో మొదలైంది. వరుసలో ఆ రెండింటి తర్వాతిదే అయినా, నిజాం రైల్వేకు ప్రధాన కేంద్రంగా ఉన్న గౌరవం మాత్రం కాచిగూడది. ప్రైవేటు కంపెనీ చేతిలోని ఆ రైల్వేను 1930లో నిజాం ప్రభుత్వం కొనుగోలు చేసింది.

దశాబ్దాల పాటు ఇక్కడివన్నీ మీటరు వెడల్పుండే మీటర్ గేజ్ పట్టాలే కావడంతో, ఒకవైపు మన్మాడ్‌కూ మరోవైపు మహబూబ్‌నగర్ మీదుగా ద్రోణాచలానికీ ఆ చిన్న బండ్లే తిరిగేవి. 1990లలో అంతకన్నా వెడల్పైన బ్రాడ్‌గేజ్ పట్టాలు వచ్చాక స్టేషన్ జాతకమే మారిపోయింది. ఇప్పుడు బెంగళూరు, తిరుపతి వైపు వెళ్లే ఎక్స్‌ప్రెస్‌లకు తోడు 2023 సెప్టెంబరు నుంచి యశ్వంత్‌పూర్‌కు వందే భారత్ కూడా నడుస్తోంది.

నా దృష్టిలో అన్నిటికన్నా విలువైనది సికింద్రాబాద్, ఫలక్‌నుమాల మధ్య ఇక్కడ ఆగుతూ తిరిగే ఎంఎంటీఎస్ లోకల్ రైలు. బండ్ల సంఖ్య ఇంకా పెరగాలన్నది వేరే మాట. కొత్త హంగుల పేరిట ఫలకాలు, తీగలు తగిలించి ఈ ముఖద్వారాన్ని కప్పేయకుండా ఉంటే అంతే చాలు.