రెండో మిక్స్

మంగళవారం, సాలిగ్రామం, చెన్నై

నేనే వాద్యాలు కూర్చి ప్రొడ్యూస్ చేసిన పాటకి ఈరోజు మిక్స్ చేయాలి. ప్రొడ్యూస్ చేసిన ఫైల్‌ను మాత్రం తెరవకూడదని నిన్న రాత్రే అనుకున్నాను. ట్రాకులన్నీ ఆడియోగా తీసి కొత్త సెషన్‌లో పేర్చుకున్నాను. సింథ్‌లు, డ్రమ్ శాంపిల్స్ అందుబాటులో ఉంటే చెయ్యి అటే పోతుంది. కోరస్‌లో బరువు తగ్గిందనిపించగానే ఇంకో లేయర్ వేస్తాను. ప్రొడ్యూసర్‌గా అది సరైన పనే. మిక్స్‌కి కూర్చున్నప్పుడు మాత్రం ఉన్నవాటిలో ఏది ముందు వినపడాలో తేల్చాలి, అవసరమైతే నేనే ముచ్చటపడి చేసిన భాగాన్ని మ్యూట్ చేయాలి. ఈ రెండు పనులూ ఒకే రోజు చేస్తే రెండోది సరిగ్గా జరగదని నా నమ్మకం.

పొద్దున్నే స్పీకర్ల వాల్యూమ్ బాగా తగ్గించి విన్నాను. గదిలో ఏసీ మోత ఉంటే రివర్బ్ (గది మార్మోగినట్టుండే ధ్వని) చివర్లు తెలియవు కాబట్టి, ఈ మే నెల ఉక్కలో కూడా కాసేపు ఆపక తప్పదు. శబ్దం తగ్గేకొద్దీ మన చెవికి బేస్ ఎక్కువగా తగ్గినట్టు తోస్తుందని ఫ్లెచర్, మన్సన్ 1933లోనే కొలిచి చూపించారు. అందుకే చిన్న వాల్యూమ్‌లో గొంతు, స్నేర్ డ్రమ్, పాట నడక నిలబడితే సగం పని అయినట్టే. పెద్దగా పెడితే ఏదైనా గొప్పగానే ఉంటుంది.

ఆ తర్వాత మధ్యాహ్నం దాకా గొంతే. తెలుగు పాప్‌లో గొంతును ఎక్కడ పెట్టాలన్న దాని మీద నాకు గట్టి అభిప్రాయం ఉంది. ఇంగ్లీషు పాటల్ని రిఫరెన్స్‌గా పెట్టుకుని కొందరు గొంతును వాద్యాల ట్రాక్‌లోకి దించేస్తున్నారు. మనవాళ్లు మాట కోసం వింటారు. మొదటిసారి విన్నప్పుడే పల్లవి అర్థం కావాలి. అలాగని గొంతు మొత్తాన్ని పైకి లేపితే పాట పలచనైపోతుంది. హెచ్చుతగ్గుల్ని దానంతటదే సమం చేసే కంప్రెసర్‌కి అప్పజెప్పకుండా ఒక్కో మాట దగ్గర ఫేడర్ (శబ్దం పెంచి తగ్గించే మీట) గీత గీసుకుంటూ పోవడమే నాకు తెలిసిన మార్గం. ఈ పాట పాడిన అమ్మాయి గొంతులో 'స' బాగా గుచ్చుకుంటోంది, 5 నుంచి 8 కిలోహెర్ట్జ్ మధ్యలో. ఆ గుచ్చుకోవడాన్ని దానంతటదే తగ్గించే డి-ఎస్సర్ కాస్త ఎక్కువైతే 'శ', 'స', 'ష' మూడూ ఒకేలా వినిపిస్తాయి. శుభ్రంగా పలికే గాయనికి అలా చేయడం అన్యాయం. అందుకని గుచ్చుకున్న చోటల్లా వేవ్‌ఫామ్‌లోకి వెళ్లి చేత్తోనే తగ్గించాను. మెడ నొప్పి పుట్టింది కానీ పలుకు పలుకులాగే ఉంది. మనకో అదృష్టం కూడా ఉంది: మన మాటలు ఎక్కువగా అచ్చుతో ముగుస్తాయి. పాదం చివర డిలే (ప్రతిధ్వనిలా మళ్లీ వినిపించేది) వదిలితే ఆ అచ్చు సాగి, తర్వాతి పాదం దాకా మెత్తగా వంతెన వేస్తుంది.

భోజనానికి వడపళని దాకా వెళ్లాను. కింది ఇంట్లో ఉండే వయొలిన్ మాస్టారు కూడా వచ్చారు. "ఏమ్మా, ఇంకా అదే పాటేనా?" అని అడిగారు. ఆయన కాలంలో ఒక పూటలో పాట అయిపోయేది. ఆర్కెస్ట్రా అంతా ఒకే హాల్లో కూర్చునేది, గాయకులు పక్కనే చిన్న గదిలో నిలబడేవారు, అందరూ కలిసి మొదటి నుంచి చివరి దాకా వాయించాలి. ఒక్కరు తప్పినా మళ్లీ మొదటి నుంచే. ఇంజినీరుకి ఫ్లూట్ బిట్ ఎక్కడొస్తుందో ముందే తెలిసి ఉండాలట, అది రాబోతుండగా ఫేడర్ లేపాలి, అవగానే దించాలి. టేక్ ఓకే అయితే మిక్స్ కూడా అయిపోయినట్టే. ఒకప్పుడు వాహినీ స్టూడియో ఉన్న చోట ఇప్పుడు మాల్ ఉంది. మేం దాని ముందు నుంచే నడిచి వచ్చాం. ఆ ఫేడర్ల ముందు కూర్చున్నవాళ్ల పేర్లు చాలావరకు ఏ రికార్డు అట్ట మీదా లేవు. నాకు అది నిజంగా బాధగా ఉంటుంది. రహమాన్ తన క్యాసెట్ల ఇన్‌లే కార్డుల మీద వాద్యకారుల పేర్లు, ఇంజినీర్ల పేర్లు వేయించడం వల్లే హెచ్. శ్రీధర్ అనే సౌండ్ ఇంజినీర్ ఉన్నారని నాలాంటివాళ్లకి నెల్లూరులో ఉండగానే తెలిసింది. రహమాన్ తొలి రోజుల నుంచి, 2008లో కన్నుమూసే దాకా, ఆ పాటల శబ్దం వెనక ఆయన ఉన్నారు. జాతీయ అవార్డులు కూడా వచ్చాయి. ఇప్పుడు స్ట్రీమింగ్ యాప్‌లలో క్రెడిట్స్ వేసే చోటు ఉన్నా, కిందటేడాది ఒక సంస్థ నా పేరు వేయలేదు. డబ్బు ఆలస్యమైతే ఓర్చుకోగలను. పేరు పోతే తర్వాతి పని వచ్చే దారే మూసుకుపోతుంది.

సాయంత్రం అక్క కొడుకు ఫోన్ చేశాడు. బీటెక్ మూడో సంవత్సరం, మనసంతా పాటల మీదే. "పిన్నీ, ఏ మైక్ కొనాలి?" అన్నాడు. థ్రిల్లర్ ఆల్బమ్‌లో మైకేల్ జాక్సన్ గొంతుకు రికార్డింగ్ ఇంజినీర్ బ్రూస్ స్వీడియన్ వాడింది షూర్ ఎస్ఎం7 అని చెప్పాను. దాని తర్వాతి మోడల్ ఇప్పుడు పాడ్‌కాస్ట్ చేసే ప్రతివాళ్ల ముందూ కనిపిస్తుంది. మైక్ కంటే స్వీడియన్ నడిచిన దారి గురించి ఎక్కువ చెప్పాను. 1982లో ఆ ఆల్బమ్ వచ్చేనాటికి ఆయనకి 48 ఏళ్లు. అంతకుముందు షికాగోలో డ్యూక్ ఎలింగ్టన్, కౌంట్ బేసీ బ్యాండ్లను రికార్డ్ చేస్తూ ఎన్నో ఏళ్లు గడిపాడు, థ్రిల్లర్ ప్రొడ్యూసర్ క్విన్సీ జోన్స్‌తో స్నేహం అప్పటిదే. అందులోని బిల్లీ జీన్ పాటకి 91 మిక్స్‌లు చేశానని ఆయనే చెప్పుకున్నాడు. చివరికి రెండోది ఒకసారి విందామని క్విన్సీ అన్నాడట. విడుదలైంది ఆ రెండోదే.

వాడు "అయితే మిగతావన్నీ వేస్టా?" అన్నాడు. కాదురా, రెండోది బాగుందని చెప్పగలిగే మనిషి పక్కన ఉండటం చూడు అన్నాను. ప్రొడ్యూసర్ చేయాల్సిన పని అదే. మళ్లీ మళ్లీ మనల్ని పిలిచేది కూడా ప్లగిన్లు (శబ్దాన్ని మలిచే సాఫ్ట్‌వేర్లు) చూసి కాదు, ఎక్కడ ఆపాలో తెలుసన్న నమ్మకంతో. సంపాదన గురించీ దాచకుండా చెప్పాను: పాటకి ఇంత అని మాట్లాడుకోవడం, సగం ముందు తీసుకోవడం, ఖాళీ నెలల కోసం దాచుకోవడం. చదువు పూర్తి చేసి రమ్మన్నాను. సెలవుల్లో వస్తే పక్కన కూర్చోబెట్టుకుంటాను, మొదట ట్రాకులకు పేర్లు సరిగ్గా పెట్టడం నేర్పిస్తాను.

రాత్రి గాయనికి మిక్స్ పంపాను. రెండు మాటలు రాసింది. ఇంకా లౌడ్‌గా కావాలట. స్పాటిఫై మామూలు సెట్టింగ్‌లో అన్ని పాటల్నీ మైనస్ 14 లఫ్స్ (పాట ఎంత లౌడ్‌గా ఉందో కొలిచే కొలత) దగ్గరికి తెస్తుంది, మనం పిండి లౌడ్ చేస్తే అది దించేస్తుంది, నీ గొంతులో ఊపిరి మాత్రం తిరిగి రాదు అని వివరించాను. ఒప్పుకుంది. రెండోది, చివరి చరణంలో 'ఊరు' అన్న మాట గిటార్ కింద పడిపోయిందని. విని చూశాను, నిజమే. గొంతు లేపలేదు, ఆ ఒక్క మాట దగ్గర గిటార్‌ని ఒకటిన్నర డెసిబెల్ దించాను. మాట బయటికొచ్చింది. మెయిన్, ఇన్‌స్ట్రుమెంటల్, గొంతు మాత్రమే ఉన్నది, మూడూ బౌన్స్ చేసి, అంటే ఫైళ్లుగా తీసి, డ్రైవ్‌లో పెట్టాను. క్రెడిట్స్ షీట్ కూడా నేనే టైప్ చేసి, హార్మనీలు పాడిన ఇద్దరి పేర్లతో సహా, అదే ఫోల్డర్‌లో ఉంచాను. రేపు పది గంటలకి మాస్టరింగ్‌కి, అంటే విడుదలకు ముందు చివరి మెరుగుకి, వెళ్తుంది.