గ్రీన్ సర్టిఫికెట్ చూపిస్తే స్కోర్ షీట్ అడగండి

బెజవాడలో బెంజి సర్కిల్ నుంచి పోరంకి వైపు వెళ్లినా, గుంటూరులో ఇన్నర్ రింగ్ రోడ్డు పట్టుకున్నా, కొత్త అపార్ట్‌మెంట్ల హోర్డింగుల మీద ఆకు బొమ్మ, దాని కింద ‘ఐజీబీసీ గోల్డ్ ప్రీ సర్టిఫైడ్’ అన్న మాట తరచూ కనిపిస్తాయి. ఐజీబీసీ అంటే ఇండియన్ గ్రీన్ బిల్డింగ్ కౌన్సిల్, కరెంటు, నీళ్లు ఆదా చేసే భవనాలకు రేటింగ్ ఇచ్చే సంస్థ. కొనేవాళ్లు గోల్డ్‌ని చూస్తారు, ‘ప్రీ’ని వదిలేస్తారు. అసలు సంగతంతా ఆ ఒక్క అక్షరంలోనే ఉంది.

ఇందులో మూడు మెట్లుంటాయి. మొదటిది రిజిస్ట్రేషన్. ఫీజు కట్టి ప్రాజెక్టు పేరు నమోదు చేసుకుంటే చాలు, అప్పటికి పునాది కూడా పడక్కర్లేదు. రెండోది ప్రీ సర్టిఫికేషన్. డ్రాయింగులు, లెక్కలు, ‘ఇలా కడతాం’ అన్న హామీ చూసి ఇచ్చేది. బిల్డర్ బ్రోచర్ వేసుకోవడానికి ఇది పనికొస్తుంది. మూడోది అసలు సర్టిఫికెట్. కట్టడం అయ్యాక బిల్లులు, ఫోటోలు, టెస్ట్ రిపోర్టులు పెడితే ఐజీబీసీ వాళ్లు ఒకసారి చూసి ప్రశ్నలు పంపుతారు, జవాబులు వెళ్లాక తుది స్కోరు వస్తుంది. రెండో మెట్టుకీ మూడో మెట్టుకీ మధ్య రెండు మూడేళ్లు గడుస్తాయి. ఆ మధ్యలో ఖర్చు పెరిగిందని మంచి గాజు బదులు మామూలు గాజు వస్తుంది, కిటికీ సైజు తగ్గుతుంది, సోలార్ సగమవుతుంది. కాబట్టి ఫ్లాట్ కొనేవాళ్లు అగ్రిమెంట్ మీద సంతకం పెట్టేముందు ఒక్క ప్రశ్న వేయాలి: ‘తుది రేటింగ్ ఎప్పుడు తెస్తారు, రాకపోతే ఏం చేస్తారు, అది అగ్రిమెంట్‌లో రాస్తారా?’

ఇది ప్రభుత్వం ఇచ్చే అనుమతి అనుకునేవాళ్లూ ఉన్నారు. ఐజీబీసీని 2001లో పరిశ్రమల సంఘం సీఐఐ పెట్టింది, దాని కేంద్రం హైదరాబాదులో ఉంది. ఇలాంటి రేటింగులు ఇంకా ఉన్నాయి. గృహ అనేది టెరి అనే పరిశోధన సంస్థ, కేంద్ర పునరుత్పాదక ఇంధన శాఖ కలిసి తెచ్చిన పద్ధతి. లీడ్ అమెరికా వాళ్లది. ఎడ్జ్ ప్రపంచ బ్యాంకు గ్రూపులోని ఐఎఫ్‌సీది. ఇవన్నీ యజమాని ఇష్టపడి తీసుకునేవి. ప్లాన్ అప్రూవల్, ఫైర్ ఎన్‌వోసీ, ఆక్యుపెన్సీ సర్టిఫికెట్‌లలో దేనికీ ఇది ప్రత్యామ్నాయం కాదు. కేంద్ర ప్రభుత్వ ఇంధన పొదుపు సంస్థ బీఈఈ తయారుచేసిన ఎనర్జీ కోడ్ వేరే వ్యవహారం. దాన్ని రాష్ట్రం అమల్లో పెడితే పాటించి తీరాలి.

ఇక ప్లాటినం అనగానే కరెంటు బిల్లు తగ్గిపోతుందన్న నమ్మకం. ఐజీబీసీ కొత్త భవనాల రేటింగ్‌లో యజమానే వాడుకునే భవనానికి 100కి 40 పాయింట్లు వస్తే సర్టిఫైడ్, 50కి సిల్వర్, 60కి గోల్డ్, 75కి ప్లాటినం. లీడ్‌లో మొత్తం 110, ప్లాటినానికి 80 కావాలి. ఆ పాయింట్లు స్థలం, నీళ్లు, ఎనర్జీ, సామాన్లు, లోపలి గాలి వెలుతురు అన్న విభాగాల్లో పంచి ఉంటాయి. తప్పనిసరి షరతులకు పాయింట్లుండవు, కానీ వాటిలో ఒక్కటి తప్పినా రేటింగే రాదు. పక్కన బస్టాపు, దుకాణాలు ఉన్నందుకు కూడా పాయింట్లొస్తాయి. అది న్యాయమే, బండి తీయకుండా పనులవుతాయి. కానీ ఆ పాయింట్లతో ఏసీ బిల్లు తగ్గదు. ఒకే గోల్డ్ ఉన్న రెండు భవనాల్లో ఒకటి ఎనర్జీలో సంపాదించినదీ, ఇంకోటి స్థలంలో సంపాదించినదీ కావచ్చు. అందుకే స్కోర్ షీట్ అడగమనేది. అందులో ఎనర్జీ, నీళ్ల వరసలు చూస్తే అయిదు నిమిషాల్లో తేలిపోతుంది.

గ్రీన్ సామాను వాడితే గ్రీన్ బిల్డింగ్ అయిపోదు. గ్రీన్‌ప్రో అనే పర్యావరణ ముద్ర ఉన్న సిమెంటుకి ఆ ముద్ర సిమెంటు వరకే, అయిదు స్టార్ల ఏసీకి ఆ స్టార్లు ఏసీ వరకే. ఇబ్రహీంపట్నం థర్మల్ స్టేషన్ పక్కనే ఉంది కాబట్టి మన దగ్గర ఫ్లై యాష్ (బొగ్గు బూడిద) ఇటుక తేలిగ్గా దొరుకుతుంది. అది వాడితే సామాన్ల విభాగంలో కొంత లెక్కలోకి వస్తుంది, అంతే. ఆ లెక్క డబ్బుల్లో వేస్తారు, టన్నుల్లో కాదు. మొత్తం సామాన్ల ఖర్చులో (కూలీ తీసేసి) రీసైకిల్ సరుకు వాటా ఎంత, 400 కిలోమీటర్ల లోపల తయారైనవాటి వాటా ఎంత అని చూస్తారు. ‘తయారైన’ అన్నచోటే పొరపాటు పడతారు. గవర్నర్‌పేట షాపులో కొన్న టైల్స్ గుజరాత్ మోర్బీలో తయారైనవైతే అవి లోకల్ కావు. జగ్గయ్యపేట సిమెంటు, చీమకుర్తి గ్రానైట్, కృష్ణా ఇసుక లోకలే. పీపీసీ అనే రకం సిమెంటులో బూడిద 15 నుంచి 35 శాతం దాకా ఉంటుంది గనుక అది రీసైకిల్ లెక్కలోకి వస్తుంది, బూడిద కలపని ఓపీసీ రాదు. బస్తా మీద బొమ్మ చూపిస్తే ఒప్పుకోరు, శాతం ఎంతో రాసి కంపెనీ ఇచ్చిన ఉత్తరం ఉండాలి.

పాయింట్లు పోయేది ఎక్కువగా ఈ కాగితాల దగ్గరే. పగిలిన ఇటుక, కాంక్రీటు ముక్కలు గచ్చు కింద ఫిల్లింగ్‌కి వాడితే పాయింటు వస్తుంది, కానీ ఎంత వాడారన్న రికార్డు ఆరోజే రాయాలి. బయటికి పంపిన ఇనుప ముక్కలకు, చెక్కకు కాటా చీటీ, లోడు ఫోటో కావాలి. ఏడాదిన్నర తర్వాత కన్సల్టెంట్ అడిగినప్పుడు మేస్త్రీ దగ్గర చీటీ ఉండదు, కాంట్రాక్టరు మారిపోయి ఉంటాడు. సైట్ ఆఫీసులో ఈ ఒక్క పనికి ఒక ఫైలు, ఒక మనిషి ఉండాలి. పని సక్రమంగా చేసి కూడా చీటీల్లేక పాయింట్లు పోగొట్టుకోవడం బాధాకరం.

కిటికీల సంగతి కొంచెం వివరంగా చెప్పుకోవాలి, మన ఉక్కపోతకి అసలు మందు అదే. నివాస భవనాల ఎనర్జీ కోడ్, ఎకో నివాస్ సంహిత 2018, కనీసం 500 చదరపు మీటర్ల స్థలంలో కట్టే ఇళ్ల కోసం రాసింది. తేమ ఎక్కువగా ఉండే మన ప్రాంతానికి అది పెట్టిన లెక్క: తెరుచుకునే కిటికీల, తలుపుల వైశాల్యం కార్పెట్ ఏరియాలో ఆరో వంతు, అంటే 16.66 శాతం ఉండాలి. 1200 చదరపు అడుగుల ఫ్లాట్‌కి 200 చదరపు అడుగులు. ఇప్పుడు అందరూ పెట్టించే రెండు పలకల స్లైడింగ్ యూపీవీసీ కిటికీ ఎంత పెద్దదైనా సగమే తెరుచుకుంటుంది. 5 అడుగులకు 4 అడుగుల కిటికీ డ్రాయింగ్‌లో 20 చదరపు అడుగులు, కోడ్ లెక్కలో 10. పాతకాలపు రెక్కల కిటికీకి 90 శాతం లెక్కలోకి వస్తుంది, మూడు పలకల స్లైడింగ్‌కి 67 శాతం. కిటికీల సంఖ్య పెంచకుండానే బెడ్‌రూముల్లో రెక్కల కిటికీలు పెట్టిస్తే లోటు చాలామటుకు తీరుతుంది. బాల్కనీ తలుపు కూడా లెక్కలోకి వస్తుందని మరిచిపోకండి.

తూర్పు ముఖం, వాస్తు ప్రకారం కట్టాం, కాబట్టి ఎండ బాధ లేదంటారు. ఎండకి సింహద్వారంతో పనిలేదు, పడమటి గోడతో పని. విజయవాడ అక్షాంశం పదహారున్నర డిగ్రీలు. డిసెంబరు 21 మధ్యాహ్నం సూర్యుడు దక్షిణాన 50 డిగ్రీల ఎత్తులో ఉంటాడు. దక్షిణపు కిటికీ మీద 2 అడుగుల సజ్జా వేస్తే దాని కింద దాదాపు 2 అడుగుల 4 అంగుళాల నీడ పడుతుంది. అదే సజ్జా పడమటి కిటికీ మీద ఉంటే, మే నెల సాయంత్రం నాలుగున్నరకి సూర్యుడు 27 డిగ్రీల దగ్గర ఉండడం వల్ల నీడ అడుగు దగ్గరే ఆగుతుంది. మిగతా గాజంతా ఎండలోనే. పడమట కిటికీలు తగ్గించి, అటు బాత్రూములు, స్టోర్, మెట్లు పెట్టడం, తప్పని కిటికీకి నిలువు రెక్కలో బయటి తడకో కట్టడం వినా దారి లేదు. లోపల కర్టెన్ వేసినా వేడి అప్పటికే గాజు దాటి గదిలోకి వచ్చేసి ఉంటుంది.

నీలం గాజు గోడలున్న ఆఫీసు చూసి గ్రీన్ బిల్డింగ్ అనుకోవడం కూడా ఇలాంటిదే. గాజు గుండా ఎండ వేడి ఎంత లోపలికి వస్తుందో ఎస్‌హెచ్‌జీసీ అన్న అంకె చెబుతుంది. 6 మిల్లీమీటర్ల మామూలు గాజుకి అది 0.8 దగ్గర ఉంటుంది. వాణిజ్య భవనాల కోడ్, ఈసీబీసీ 2017, మన వాతావరణంలో ఉత్తరం కాని ముఖాలకు 0.27 మించకూడదంటుంది, గోడలో గాజు 40 శాతం దాటకూడదంటుంది. గాజు రంగు చూసి ఈ అంకె తెలియదు. కంపెనీ డేటా షీట్ తీసుకుని, వచ్చిన లోడుతో సరిపోల్చాలి.

పై అంతస్తులో ఉండేవాళ్లకి అన్నిటికంటే పెద్ద శత్రువు స్లాబ్. 150 మిల్లీమీటర్ల ఉత్త కాంక్రీటు స్లాబ్ యు వాల్యూ, అంటే వేడి ఎంత తేలిగ్గా దాటిపోతుందో చెప్పే అంకె, చదరపు మీటరుకు, డిగ్రీకి 3 వాట్ల దగ్గర ఉంటుంది. ఎకో నివాస్ సంహిత అడిగేది 1.2 లోపు. స్లాబ్ పైన 25 మిల్లీమీటర్ల ఎక్స్‌పీఎస్ అనే వేడిని ఆపే నురుగు బోర్డు పరిస్తే అది 0.9 దగ్గరికి దిగుతుంది. ముందు వాటర్‌ప్రూఫింగ్, దాని మీద బోర్డు సందుల్లేకుండా, ఆ పైన గుడ్డ, స్క్రీడ్ (పలచని సిమెంటు పొర), ఆఖరున తెల్ల టైల్. బోర్డు కింద నీళ్లు చేరేలా వాటం తప్పితే ఏడాదికే ఉబ్బులు, పగుళ్లు వస్తాయి. తెల్ల పెయింట్ ఒక్కటే వేసి సరిపెట్టుకుంటే మొదటి వేసవి బాగుంటుంది. దుమ్ము పట్టాక ఆ మెరుపు పోతుంది, ఏటా ఫిబ్రవరిలో కడగాల్సిందే.

ఇంకుడు గుంత తవ్వాం, నీళ్ల పాయింట్లు వచ్చాయంటారు. 100 చదరపు మీటర్ల డాబా మీద ఒక్కరోజు 50 మిల్లీమీటర్ల వాన పడితే 5 వేల లీటర్లు. గుంటూరు, అమరావతి వైపు నల్లరేగడిలో మామూలు గుంత తవ్వితే ఆ నీళ్లు ఇంకవు, దోమలు చేరతాయి. రేగడి తడిస్తే ఉబ్బుతుంది, పునాదికి దగ్గరగా ఉంటే గోడలకే ముప్పు. అక్కడ రేగడి పొర దాటి ఇసుక పొర దాకా బోరు దింపి, దాని చుట్టూ ఫిల్టరు గుంత కట్టాలి: అడుగున 40 మిల్లీమీటర్ల కంకర, పైన 20, ఆ పైన జాలీ, ముతక ఇసుక. తొలి వాన మురికిని, డాబాకి 200 లీటర్ల చొప్పున, బయటికి వదిలే వాల్వు ఉండాలి. కృష్ణలంక లాంటి ఏటి ఒడ్డున నీటిమట్టం పైనే ఉంటుంది, ఇంకించడానికి చోటుండదు. అక్కడ సంపులో పట్టి వాడుకోవడమే మేలు. మట్టి పరీక్ష చూడకుండా ఇచ్చే గుంత డ్రాయింగుని నమ్మకండి.

కుళాయిల నీటి పొదుపు లెక్క 3 బార్ ఒత్తిడి దగ్గర రాస్తారు. ఓవర్‌హెడ్ ట్యాంకు నుంచి కిందికి ప్రతి 3 మీటర్లకు సుమారు 0.3 బారే వస్తుంది గనుక పై అంతస్తులో ధార సన్నగా, కింద జోరుగా ఉంటుంది. బోరు నీళ్ల సున్నం పేరుకుని కుళాయి మూతికుండే జల్లెడ, ఏరేటర్, మూసుకుపోతే జనం దాన్ని విప్పి పారేస్తారు, పొదుపు అక్కడితో సరి. నెలకోసారి నిమ్మ ఉప్పు నీళ్లలో నానబెడితే సున్నం వదులుతుంది. లీటరు మగ్గు నిండడానికి 10 సెకన్లు పడితే నిమిషానికి 6 లీటర్లు. ఎవరి ఇంట్లో వాళ్లు చూసుకోవచ్చు. ఎస్టీపీ (మురుగు నీటిని శుద్ధి చేసే ప్లాంటు) ఉన్న అపార్ట్‌మెంట్‌లో ఫ్లష్‌కి వేరే పైపు ఉందో లేదో చూడండి. ఆ పైపు తర్వాత వేయడం కుదరదు. కరెంటు ఖర్చని ఎస్టీపీ ఆపేసి ట్యాంకర్లు తెప్పిస్తుంటే గోడ మీది ఫలకానికి అర్థం లేదు.

సోలార్ పెడితే చాలనేవాళ్లకి ఒక మాట. 3 కిలోవాట్ల ప్యానెళ్లు మన ఎండకి రోజుకి దాదాపు 12 యూనిట్లు ఇస్తాయి. పీఎం సూర్యఘర్ కింద 78 వేల సబ్సిడీ తీసుకోవడానికి ఏ గ్రీన్ సర్టిఫికెట్టూ అక్కర్లేదు. కానీ వేడెక్కే స్లాబ్ కింద రెండు ఏసీలు నడిపించడానికే ఆ యూనిట్లన్నీ పోతుంటే ముందు స్లాబ్ సంగతి చూడాలి. రాయితీల విషయంలో రాష్ట్రంలో గ్రీన్ భవనాలకు పర్మిట్ ఫీజులో 20 శాతం తగ్గింపు ఉంది. అది ఫీజు మీదే, కట్టుబడి ఖర్చు మీద కాదు. జీవోలు మారుతుంటాయి కాబట్టి ప్లాన్ పెట్టేముందే టౌన్ ప్లానింగ్ విభాగంలో అడిగి, ఏ దశలో ఏ కాగితం చూపించాలో రాయించుకోండి.

రెండొందల గజాల్లో సొంతిల్లు కట్టుకునేవాళ్లకి సర్టిఫికెట్ కావాలా అంటే, మా ఉద్దేశంలో అక్కర్లేదు. ఐజీబీసీలో సొంతిళ్లకూ రేటింగ్ ఉంది, చిన్న భవనాలకు గృహలో స్వగృహ ఉంది. సరదా ఉంటే తీసుకోవచ్చు. కానీ కన్సల్టెంట్‌కీ ఫీజులకీ పెట్టే డబ్బు ముందు స్లాబ్ ఇన్సులేషన్‌కి, పడమటి గోడకి 200 మిల్లీమీటర్ల ఏఏసీ (గాలి రంధ్రాలుండే తేలికపాటి) బ్లాకులకి, రెక్కల కిటికీలకి పెడితే ఫలితం వెంటనే ఒంటికి తెలుస్తుంది. అమ్మడానికో అద్దెకో కట్టే పెద్ద భవనానికి మాత్రం బయటివాళ్ల తనిఖీ విలువైనదే. అయితే కన్సల్టెంట్‌ని ప్లాన్ గీసే దశలోనే పిలవాలి. స్లాబులన్నీ పడ్డాక పిలిస్తే దిక్కు, కిటికీలు, పైపులు మార్చలేరు. మొక్కలకీ ఫలకాలకీ డబ్బు పోస్తారు, ఖర్చు ఎక్కువన్న అపవాదు అలా వచ్చిందే.

పాత భవనాలకు కుదరదన్నదీ నిజం కాదు. మన విజయవాడ రైల్వే స్టేషన్‌కి ఐజీబీసీ ప్లాటినం వచ్చింది. నడుస్తున్న భవనాలకు వేరే రేటింగ్ ఉంటుంది, అందులో డిజైన్ బదులు నిరుటి కరెంటు బిల్లులు, నీళ్ల మీటర్లు, చెత్త రికార్డులు చూస్తారు. దాని గడువు మూడేళ్లు, గృహ రేటింగ్‌కి అయిదేళ్లు. గోడ మీద ఫలకం కనిపిస్తే రేటింగ్ పేరుతో పాటు దాని మీద ఉన్న సంవత్సరం కూడా చదవండి. గడువు తీరిపోయి ఉంటే మళ్లీ తీసుకున్నారా అని మేనేజరుని అడగండి.