వెంకయ్యలా కూర్చోండి!

మాకు నటన చెప్పిన సార్ నోట ఎవరి పేరు వచ్చినా రాకపోయినా ఎం.వి.వాసుదేవరావు పేరు వచ్చి తీరేది. మొదట్లో ఆయనెవరో మా బ్యాచ్‌లో ఒక్కరికీ తెలీదు. "నాయకుడులో కమల్‌హాసన్‌ని పెంచిన హుస్సేన్ భాయ్‌రా" అంటే మాత్రం "ఓ, ఆయనా!" అన్నాం. మణిరత్నం 1987లో తీసిన ఆ తమిళ సినిమా డబ్బింగ్ చూడనివాళ్లు మాలో లేరు.

వాసుదేవరావు కన్నడ నాటకరంగం మనిషి. స్టేజీ మీద మాట చివరి వరుస దాకా వినపడాలి, చెయ్యెత్తితే అక్కడికీ కనపడాలి. ఆ అలవాటు వదలక కెమెరా ముందు కూడా అరిచినవాళ్లు మనకి బోలెడుమంది. ఈయన అలా చెయ్యలేదు. శివరామ కారంత్ నవల 'చోమన దుడి'ని 1975లో బి.వి.కారంత్ సినిమాగా తీసినప్పుడు చోముడి వేషం ఈయనదే. చోముడు వెట్టి కూలీ. జత ఎద్దులున్నాయి గానీ, దున్నుకోవడానికి చారెడు నేల లేదు. అంటరానివాడికి భూమి ఇచ్చేదెవరు? దుఃఖం ముంచుకొచ్చినప్పుడల్లా దుడి అనే డోలు వాయిస్తాడు. ఆ వేషానికి జాతీయ ఉత్తమ నటుడి అవార్డు వచ్చింది. సినిమాకి జాతీయ ఉత్తమ చిత్రంగా స్వర్ణకమలం.

రెండేళ్లకే మృణాల్ సేన్ 'ఒక ఊరి కథ' తీశారు. ప్రేమ్‌చంద్ ఉర్దూ కథ 'కఫన్', బెంగాలీ దర్శకుడు, కన్నడ నటుడు, సినిమా మాత్రం మన తెలుగు! ఇందులో ఆయన వెంకయ్య. కష్టం మనది, పంట దొరది అయినప్పుడు పని చెయ్యడమే తెలివితక్కువ అనే రకం. కోడలు పురిటి నొప్పులతో చస్తున్నా కదలడు. పోయాక ఆమె పేరు చెప్పి ఊళ్లో డబ్బులు అడుక్కుంటాడు.

సార్ ఈ రెండు సినిమాలూ పక్కపక్కన పెట్టి, సౌండ్ తీసేసి చూపించేవారు. "మొహం చూడకండి, వీపు చూడండి" అనేవారు. నేల కోసం దేబిరించేవాడూ, పనంటే పారిపోయేవాడూ ఒకే మనిషి వీపులో ఎలా పడతారన్నది ఆయన ప్రశ్న. తర్వాత మా అందరినీ గొంతుక్కూర్చోబెట్టి, "వెంకయ్యలా కూర్చోండి, నటించకండి" అని తన పాటికి తాను టీ తాగడానికి వెళ్లిపోయేవారు. కాళ్లు తిమ్మిరెక్కేవి. ఎవడో ఒకడు నవ్వేవాడు, మళ్లీ మొదటికి.

అవార్డు చోముడికొచ్చింది గానీ, నా ఓటు వెంకయ్యకే. చోముడి మీద జాలి కథే పుట్టిస్తుంది, నటుడికి సగం పని తప్పుతుంది. వెంకయ్యని చూసి అసహ్యం వెయ్యాలి, ఆ అసహ్యంలోనే వాడన్నది నిజమేగా అనిపించాలి. అది పూర్తిగా నటుడి మీద పడే భారం. ఈ మాట మీద బ్యాచ్ వాట్సాప్ గ్రూపులో ఇప్పటికీ గొడవే.

మాలో ఒకడు సీరియళ్లలో తండ్రి వేషాలు వేస్తున్నాడు. డైలాగ్ లేని షాట్ అంటే తనకి టెన్షనే లేదంటాడు. డైరెక్టర్లే భయపడి ఏదో ఒక డైలాగ్ తగిలిస్తున్నారట.